రాషన్ కార్డు: కాగజ్ నుంచి అంగూఠా దాకా

రాషన్ ఉర్దూ మాటేనని మా బస్తీలో చాలామంది నమ్మకం. బేసన్, రోగన్ సరసన అంత బాగా ఒదిగిపోయింది మరి. కానీ కాదు. లాటిన్‌లో పుట్టి, ఫ్రెంచి మీదుగా ఇంగ్లీషు ఫౌజులోకి వచ్చిన మాట అది. సిపాయికి రోజుకి ఇంత పిండి, ఇంత పప్పు, ఇంత ఉప్పు అని తూచి ఇచ్చే వాటా. ఛావనీల నుంచి బజారుకి దిగి ఉర్దూలో రాషన్ అయింది, తెలుగులో రేషన్ అయింది. తెలంగాణ పల్లెల్లో పాతతరానికి మాత్రం ఈ రెండూ పట్టవు. వాళ్లకది ‘కంట్రోలు’. కంట్రోలు దుకాణం, కంట్రోలు బియ్యం, కంట్రోలు చక్కెర. రెండో ప్రపంచ జంగ్ నాటి సర్కారీ హుకుం ఒకటి ఇన్నేళ్ల తర్వాత కూడా మన నానీల నోట్లో బతికే ఉందన్నమాట.

ఆ కార్డు తవారీఖ్ రాయాలని నాకెప్పటి నుంచో ఉంది. రాజుల ఫర్మానాలు మ్యూజియంలో అద్దాల వెనక ఉంటాయి. గరీబోళ్ల ఇంట్లో ఉండే ఒకే ఒక్క సర్కారీ దస్తావేజు మాత్రం సందూక్‌లో, ప్లాస్టిక్ కవర్లో, నికానామా పక్కన ఉంటుంది. దాని మీద ఎవరూ రాయరు.

ముందు ఒక పాత లెక్క. 1876 నుంచి 78 దాకా దక్కన్‌నీ మద్రాసు ఇలాకానీ కరువు ఊడ్చేసింది. కర్నూలు, కడప, బళ్లారి జిల్లాలు ఘోరంగా దెబ్బతిన్నాయి. ఆకలిగొన్నవాళ్లని రోడ్లు వేసే పనిలో పెట్టి కూలి ఇచ్చారు. 1877లో రిచర్డ్ టెంపుల్ అనే దొర వచ్చి ఆ కూలిని తగ్గించాడు. రోజంతా రాళ్లు కొట్టే మనిషికి ఒక పౌను ధాన్యం, పైన కొద్దిగా చిల్లర. పౌను అంటే అరకిలో కూడా కాదు. చరిత్రలో దానికి ‘టెంపుల్ కూలి’ అని పేరే పడిపోయింది. మనిషి కనీసం ఎంత తింటే చావడు అని సర్కారు కూర్చుని హిసాబ్ కట్టడం మన ఇలాకాలో అలా మొదలైంది. అప్పట్లో కార్డు లేదు. హక్కు అన్న మాటా లేదు. ఉన్నదంతా మెహర్బానీయే.

కార్డు తెచ్చింది ఆ జంగే. 1942లో జపాన్ వాళ్లు రంగూన్ పట్టుకోగానే బర్మా బియ్యం ఆగిపోయింది. మరుసటేడు బంగాళంలో లక్షల మంది ఆకలితో పోయారు. పంట పూర్తిగా పోయి కాదు, బియ్యం ధర గరీబోళ్ల చేతికి అందక. అదే 1943లో గ్రెగరీ కమిటీ కూర్చుని, లక్ష దాటిన జనాభా ఉన్న షహర్లలో రేషన్ పెట్టాలని సలహా ఇచ్చింది. ఇంటికో కార్డు, కార్డుకో దుకాణం, మనిషికింత అని తూకం.

ఇక్కడొక సంగతి గమనించండి. ఆ కార్డు గరీబోళ్ల కోసం పుట్టలేదు. షహర్‌లో ఉన్నవాళ్లందరి కోసం పుట్టింది. మిల్లులు నడవాలి, ఫౌజుకి సరుకు పోవాలి, బజారులో బల్వా రాకూడదు. వకీల్ సాబ్ ఇంటికీ కార్డే, ఆయన ఇంట్లో గిన్నెలు తోమే మనిషికీ కార్డే. ‘నువ్వు గరీబువని సుబూత్ చూపించు’ అని అడగడం చాలా తర్వాత నేర్చుకున్నారు.

షహర్‌లో కార్డు మీద తూచి ఇవ్వాలంటే పల్లెలో ఎవరి గాదె నుంచో తేవాలి కదా. నిజాం రియాసత్‌లో దానికి లెవీ అని పేరు. ఎకరానికింత ధాన్యం సర్కారుకి కట్టాల్సిందే. కాగితం మీద అందరికీ ఒకటే ఖానూన్. ఆచరణలో దేశ్‌ముఖ్‌ల గాదెలు భద్రంగా ఉండేవి, చిన్న రైతు ఇంటి ముందు మాత్రం పట్వారీ, పోలీసు నిలబడేవాళ్లు. తెలంగాణ సాయుధ పోరాటానికి వెట్టి, భూమి కారణాలని అందరూ చెప్తారు. లెవీ మాట అంతగా వినిపించదు. ఆ రోజుల్లో ఆంధ్ర మహాసభ సంఘాలు గట్టిగా పట్టుకున్న శికాయత్‌లలో అది ముందు వరసలోనే ఉంది. హైదరాబాదు కార్డు మీద పడిన ప్రతి గింజ వెనకా నల్లగొండ, వరంగల్ పల్లెల్లో ఒక గొడవ ఉంది.

ఆజాదీ వచ్చింది. కంట్రోళ్లు ఎత్తేయమని గాంధీజీ ప్రార్థన సభల్లో పదేపదే అడిగారు. కంట్రోలు ఉన్నచోట బ్లాకు మార్కెట్టు, రిష్వత్ పెరుగుతాయని ఆయన వాదన. 1947 డిసెంబరులో ఎత్తేశారు. ధరలు భగ్గుమన్నాయి. 1948లో మళ్లీ పెట్టారు. ఆ తర్వాత 1952లో ఆహార మంత్రిగా రఫీ అహ్మద్ కిద్వాయీ వచ్చారు. బారాబంకీ మనిషి. ఫైళ్ల కంటే బజారుని ఎక్కువ నమ్మేవాడని పేరు. రుతుపవనాలు కలిసొచ్చాయి, ఆయన ఒక్కో కంట్రోలూ సడలిస్తూ పోయారు. 1954 కల్లా బియ్యం మీద కంట్రోలు పోయింది. అదే ఏడాది ఇంగ్లండులో కూడా జంగ్ నాటి రేషన్ ముగిసింది. ఆ అక్టోబరులోనే కిద్వాయీ సాబ్ ఇంతెఖాల్ అయ్యారు. ఇంకో పదేళ్లుంటే ఏమయ్యేదో అని నాకు అప్పుడప్పుడూ అనిపిస్తుంది. పెద్దగా ఏమీ మారేది కాదేమో. కరువు మంత్రిని చూసి రాదు.

ఇంగ్లండు కార్డు చరిత్రలోకి పోయింది. మనది పోలేదు. ధరలు మళ్లీ పెరిగాయి, అమెరికా గోధుమల జహాజ్‌లు రేవులకి వచ్చాయి, చౌకధరల దుకాణాలు లేచాయి. 1965లో భారత ఆహార సంస్థ పుట్టింది. రైతు దగ్గర కొనేదీ గోదాముల్లో పెట్టేదీ వీళ్లు, పంచేది రాష్ట్రాలు. ఈ ఇంతెజామ్ ఇవాళ్టికీ అదే. అయితే 70ల దాకా కార్డంటే షహర్ సంగతే. పల్లెకి చక్కెర, కిరోసిన్ వస్తే వచ్చినట్టు.

పల్లె సందూక్‌లోకి కార్డుని నిజంగా తెచ్చింది 1983. ఎన్టీ రామారావు గద్దెనెక్కి కిలో బియ్యం 2 రూపాయలన్నారు. ఖజానా ఖాళీ అవుతుందని ఢిల్లీ నుంచి గల్లీ దాకా హిసాబ్‌లు చెప్పినవాళ్లున్నారు. కానీ జొన్న సంకటి తినే ఇంట్లో రోజూ వరన్నం ఉడకడం అంటే ఏమిటో ఆ హిసాబ్‌లో పట్టదు. దాని మీద నాకు ఒక చిన్న శికాయత్ మాత్రం ఉంది. రాయలసీమ, తెలంగాణ మెట్ట పొలాల్లో జొన్న, సజ్జ మెల్లగా వెనక్కి పోవడంలో ఈ బియ్యానికీ హిస్సా ఉంది. జొన్నరొట్టె ఇప్పుడు హోటల్లో ఖరీదైన వంటకం అయి కూర్చుంది.

అప్పటి నుంచి ధర కథ ఉయ్యాలే. 2 నుంచి 3.50కి, ఎన్నికల తర్వాత మళ్లీ 2కి, మళ్లీ పైకి. 2008లో రాజశేఖర రెడ్డి మళ్లీ 2కి దించారు. 2011లో రూపాయి. 2023 జనవరి నుంచి కేంద్రమే ఆహార భద్రత చట్టం కింద ఉచితం చేసింది. ధర తగ్గిన కొద్దీ కార్డు విలువ పెరిగిందనుకోవద్దు. కార్డు విలువ పెంచింది బియ్యం కాదు.

1997లో కేంద్రం ‘లక్షిత’ పంపిణీ అని తెచ్చింది. అంటే ఇక అందరికీ కాదు, గరీబోళ్లకే. దారిద్ర్యరేఖ అనే గీత గీసి, కిందివాళ్లు, పైవాళ్లు అని పంచారు. ఆంధ్రప్రదేశ్‌లో ఆ గీతకి రంగులున్నాయి. తెల్లకార్డు, గులాబీ కార్డు. తర్వాత అన్నీ తెల్లకార్డు మీదే ఎక్కాయి. ఇల్లు కావాలంటే తెల్లకార్డు. పిల్లాడి ఫీజు మాఫీ కావాలంటే తెల్లకార్డు. 2007లో ఆరోగ్యశ్రీ వచ్చాక గుండె ఆపరేషన్‌కీ తెల్లకార్డే. బియ్యం తినని ఇళ్లు కూడా కార్డు కోసం క్యూ కట్టాయి. ఇళ్ల కంటే కార్డులు ఎక్కువయ్యాయని అఖ్బార్లలో గోల. తప్పెవరిది? ఆసుపత్రి దర్వాజాకి బియ్యం సంచీ తాళం వేస్తే, తాళంచెవి కోసం అందరూ వెతుకుతారు.

ఆ రోజుల్లో కార్డుని కాపాడుకోవడం అంటే వస్తువుని కాపాడుకోవడమే. వాన, ఎలుక, చెదలు, తాగొచ్చిన మగడు. మా నానీ తన కార్డుని పాత బనియన్ గుడ్డలో చుట్టి, బియ్యం డబ్బా అడుగున పెట్టేది. అయినా మడతల దగ్గర చిరిగి నాలుగు ముక్కలైంది, సెలోటేపుతో నిలబడింది. అన్నిటికంటే పెద్ద దుష్మన్ తాకట్టు. చేతిలో పైసా లేనప్పుడు కార్డుని సేటు దగ్గరో, డీలరు దగ్గరో పెట్టి వంద రూపాయలు తెచ్చుకునేవాళ్లు. అప్పు తీరేదాకా ఆ ఇంటి కోటా అతనిదే. రిజిస్టర్‌లో మాత్రం మీరు తీసుకున్నట్టే ఉంటుంది. 2001లో వచ్చిన కేంద్రం ఉత్తర్వులో, సరుకు ఇచ్చాక డీలరు కార్డు తన దగ్గర ఉంచుకోకూడదని ప్రత్యేకంగా రాశారు. ఖానూన్‌లో ఒక మాట అంత ఖచ్చితంగా రాశారంటే, ఆ తప్పు ఎంత మామూలుగా జరిగేదో అర్థం చేసుకోవచ్చు.

పోతే? దరఖాస్తు, పోలీసు శికాయత్ నకలు, ఫొటో, గల్లీలో ఇద్దరి గవాహీ, తహసీల్ ఆఫీసు. హైదరాబాదులో అయితే తహసీల్దార్ కాదు, సర్కిల్ రేషనింగ్ ఆఫీసు, ఆ పైన చీఫ్ రేషనింగ్ ఆఫీసర్. మాటలన్నీ మనవే చూడండి. దరఖాస్తు, నకలు, తహసీల్, గవాహీ. పని మాత్రం రెండు నెలలు పట్టేది. ఆ రెండు నెలలూ బియ్యం బజారు ధరకే.

అదే ఏడాది, 2001లో, గోదాముల్లో ధాన్యం ముక్కిపోతుంటే రాజస్థాన్‌లో జనం పస్తులున్నారని పీయూసీఎల్ సుప్రీంకోర్టుకి వెళ్లింది. ఏళ్ల తరబడి నడిచిన ఆ కేసులో ఆకలి అనేది జీవించే హక్కులోని మస్లా అయింది. 2013లో ఆహార భద్రత చట్టం వచ్చింది. పల్లెల్లో 75 శాతం, షహర్లలో 50 శాతం జనాభా వరకు, మనిషికి నెలకి 5 కిలోలు. అంత్యోదయ ఇంటికి 35 కిలోలు. తెలంగాణలో 2015 నుంచి మనిషికి 6 కిలోలు. చట్టంలో 13వ సెక్షను నాకు చాలా ఇష్టం. ఇంట్లో 18 ఏళ్లు దాటిన ఆడవాళ్లలో పెద్దావిడే కార్డుకి ఇంటి పెద్ద. మగడు వదిలేసిన ఆడమనిషి ‘కార్డు ఆయన పేరు మీద ఉంది’ అని ఆకలితో కూర్చున్న ఇళ్లు నా రిపోర్టింగ్‌లో ఎన్ని చూశానో. కనీసం కాగితం మీదైనా అమ్మీ పేరు మొదటి వరుసకి వచ్చింది.

కాగితం అన్నానా, సరిగ్గా అప్పుడే కాగితానికి విలువ పోవడం మొదలైంది. బోగస్ కార్డులు ఏరేస్తామని 2005 నుంచే ఆంధ్రప్రదేశ్‌లో కంటిపాప ఫొటోలు తీశారు. తర్వాత ఆధార్. 2018 నాటికి తెలంగాణ దుకాణాలన్నిట్లో వేలిముద్ర మిషన్లు. మేలు జరగలేదని అనను. డీలరు మీ పేరు మీద దొంగ సంతకం పెట్టి కోటా మింగడం బాగా కష్టమైంది. సేటు దగ్గర తాకట్టు పోయింది. బొటనవేలిని తాకట్టు పెట్టుకోలేడు కదా. 2019 ఆగస్టులో ఒకే దేశం ఒకే కార్డు అన్నప్పుడు దేశంలో ముందుగా జతకట్టిన రాష్ట్రాల్లో తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ ఉన్నాయి. కర్నూలు కార్డుతో హైదరాబాదులో బియ్యం దొరికాయి. పొట్టచేత పట్టుకుని వచ్చిన మేస్త్రీలకి అది చిన్న సంగతి కాదు.

కానీ బీడీలు చుట్టి, గిన్నెలు తోమి, ఇటుకలు మోసి అరిగిన వేలికి మిషన్ సలాం చెప్పదు. 2017 సెప్టెంబరులో ఝార్ఖండ్‌లోని సిమ్‌డేగా జిల్లాలో పదకొండేళ్ల పిల్ల చనిపోయింది. ఆధార్ జతకాలేదని ఆ ఇంటి కార్డు తీసేశారు. పిల్ల అన్నం అడుగుతూ పోయిందని తల్లి చెప్పింది. మలేరియా అని అధికారులన్నారు. అక్టోబరులో కేంద్రం రాష్ట్రాలకి ఉత్తర్వు పంపింది, ఆధార్ లేదన్న ఒక్క కారణంతో ఎవరి పేరూ తీయొద్దని.

మన ఇంటి సంగతికొద్దాం. 2016 నుంచి తెలంగాణలో దాదాపు 19 లక్షల కార్డులు రద్దయ్యాయి. ఇంటికి ఎవరూ రాలేదు, నోటీసు ఇవ్వలేదు. నెల మొదట్లో సంచీ పట్టుకుని దుకాణానికి వెళ్తే, ‘నీ కార్డు ఎగిరిపోయింది అమ్మా’ అని డీలరు చెప్పడమే ఖబర్. బండ్ల రిజిస్ట్రేషన్, ఆస్తి, కరెంటు లాంటి సర్కారీ ఖాతాలన్నీ కలిపి, పేరూ చిరునామా పోల్చి, ఎవరు గరీబో ఎవరు కాదో కంప్యూటరే చెప్పే ఇంతెజామ్ ఒకటి వచ్చింది. దాని పేరు సమగ్ర వేదిక. పేర్లు పోల్చడమంటే మన ఇళ్లలో ఏమవుతుందో వేరే చెప్పాలా? ఉర్దూలో ఒకే పేరు. తెలుగులో మహమ్మద్, మహ్మద్, మొహమ్మద్, ఎండీ. ఇంగ్లీషులో ఇంకో అరడజను. సయ్యద్, సయ్యిద్, సైయద్. బేగం, బీ, బీబీ. ఒక్క గల్లీలో నలుగురు సయ్యద్ అలీలుంటారు. నా పేరే స్కూలు సర్టిఫికెట్‌లో ఒకలా, ఓటరు లిస్టులో ఒకలా, కరెంటు బిల్లులో మరోలా ఉంది. నేను ముగ్గురిని, ఒక్కడినే అని సుబూత్ నేనే తేవాలి. హైదరాబాదులో ఒక బేవాకి కార్డు ఇవ్వలేదు, ఆమె భర్త పేరుతో పేరు కలిసిన ఇంకెవరికో కారు ఉంది కాబట్టి.

ఎస్.క్యూ. మసూద్ అనే సామాజిక కార్యకర్త దీని మీద సుప్రీంకోర్టు దాకా వెళ్లారు. 2022 ఏప్రిల్‌లో కోర్టు, కంప్యూటర్ మాట మీద కొట్టేసిన కార్డులన్నిటినీ ఇంటింటికీ వెళ్లి తనిఖీ చేయాలని రాష్ట్రాన్ని ఆదేశించింది. తనిఖీలు జరిగాయి. కొన్ని కార్డులు వచ్చాయి. మధ్యలో గడిచిన ఆరేళ్ల బియ్యం ఎవరూ వెనక్కివ్వలేదు.

ఇంకోవైపు కొత్త కార్డుల దర్వాజా ఏళ్ల తరబడి మూసే ఉంది. 2021 జూలైలో ఒకసారి సుమారు 3 లక్షలు ఇచ్చి మళ్లీ మూసేశారు. నికా అయి అత్తారింటికి వచ్చిన కోడలి పేరు పుట్టింటి కార్డులో కోయించారు, అత్తారింటి కార్డులో ఎక్కలేదు. ఆ పదేళ్లలో పుట్టిన పిల్లలు ఏ కార్డులోనూ లేరు. 2025లో దర్వాజా తెరుచుకుంది. ఆ ఉగాదికి హుజూర్‌నగర్‌లో సన్నబియ్యం మొదలైంది, జూలైలో తుంగతుర్తిలో కొత్త కార్డులు పంచారు. కార్డులో పేరెక్కిన పిల్లాడికి అప్పటికి మీసాలు మొలుస్తున్నాయని ఒక ఖాలా నవ్వుతూ చెప్పింది.

అమెరికాలో ఉన్న మనవాళ్లు చదువుతారు కాబట్టి ఒక మాట. అక్కడ 1939లో రోచెస్టర్‌లో రంగు స్టాంపులతో మొదలైన ఆహార సాయం 2004 కల్లా బ్యాంకు కార్డు రూపానికి మారింది. అక్కడి బెడద దొంగలది. దుకాణం మిషన్‌కి దొంగ పరికరం తగిలించి, కార్డు వెనక నల్లగీతలోని నెంబర్లు ఎత్తుకుపోతారు. అలా పోయిన సొమ్ముని ఫెడరల్ ఖజానా నుంచి తిరిగిచ్చే ఏర్పాటు కొంతకాలం నడిచి, 2024 డిసెంబరు 20 తర్వాత జరిగిన చోరీలకి ఆగిపోయింది.

సుబూత్ సంగతి కూడా తేల్చాలి. నలభై ఏళ్లుగా మనవాళ్లు రేషన్ కార్డుని ‘మేం ఇక్కడివాళ్లం’ అనే గవాహీగా దాచుకున్నారు. 2015 ఉత్తర్వులో కేంద్రం స్పష్టంగా రాసింది, ఈ కార్డు గుర్తింపుకీ నివాసానికీ సుబూత్ కాదని. అస్సాం ఎన్నార్సీలో అది తల్లిదండ్రులతో రిష్తా చూపడానికే పనికొచ్చింది. 2025లో బిహార్ ఓటరు జాబితా సవరణలో ఎన్నికల సంఘం పెట్టిన పదకొండు కాగితాల్లో రేషన్ కార్డు లేదు. దాన్ని కూడా పరిశీలించమని జూలైలో సుప్రీంకోర్టు సూచిస్తే, నకిలీ కార్డులు ఎక్కువని సంఘం జవాబిచ్చింది. కాబట్టి అన్నం కోసం కార్డు దాచండి, పుట్టుక కోసం జనన సర్టిఫికెట్ తీయించండి.

ఇప్పుడు కార్డు కాగితం పోతే కంగారు వద్దు. కార్డు నెంబరో ఆధార్ నెంబరో ఉంటే మీ సేవలో మళ్లీ ప్రింటు తీయించుకోవచ్చు. నెంబరు ఫోన్‌లో, గోడ మీద, పిల్లల నోట్‌బుక్కులో, ఎక్కడో ఒకచోట రాసిపెట్టండి. పోకూడనిది పేరు. కార్డులో ఉన్నవాళ్లకి ఈ-కేవైసీ అయిందో లేదో దుకాణంలోనే అడగండి. వేలు పడకపోతే కన్ను చూపిస్తానని చెప్పండి. తీసుకున్న ప్రతిసారీ మిషన్ రసీదు అడిగి తూకం చూసుకోండి. 2025 జూలై సవరణ తర్వాత ఆరు నెలలు సరుకు ముట్టని కార్డుని ఆపేసి మళ్లీ విచారిస్తారు. కూలికి బెంగళూరు పోయినవాళ్లు అక్కడే తీసుకోవచ్చు, ఆపనివ్వొద్దు. పేరు పోయిందంటే ఎందుకు పోయిందో రాసిమ్మనండి, నోటిమాట ఒప్పుకోవద్దు. 1967కి ఫోన్ చేసి శికాయత్ నెంబరు తీసుకోండి. పని కాకపోతే జిల్లా శికాయత్ అధికారికి, ఆ పైన రాష్ట్ర ఆహార కమిషన్‌కి. దరఖాస్తు తెలుగులో రాసినా చాలు, ఉర్దూలో రాసినా చాలు. ఉర్దూ తెలంగాణలో రెండో అధికార భాష. కౌంటర్‌లో కూర్చున్నాయన ముఖం చిట్లిస్తే నకలు మీద ముద్ర వేయించుకుని మరీ రండి.